నిజం చెప్పేస్తే సీరియల్ అయిపోతుంది

పిన్ని జిల్లా పరిషత్ హైస్కూల్లో సోషల్ చెప్పి రిటైరైన మనిషి. అబ్బాయి ఆవిడ అక్క కొడుకు, హైదరాబాద్‌లో డైలీ సీరియల్స్‌కి మాటలు రాస్తాడు. ఒకరంటే ఒకరికి ప్రాణం. టీవీ దగ్గరికొచ్చేసరికి మాత్రం ఇద్దరికీ క్షణం పడదు. సంక్రాంతికి అందరం ఒకచోట చేరినప్పుడు, భోజనాలయ్యాక మొదలైన వాదన ఇది. మధ్యలో కూర్చున్న నేను ఎవరి పక్షమో చెప్పను. చదువుతుంటే మీకే తెలిసిపోతుంది.

అబ్బాయి: ముందు ఒక్కమాట చెప్పు పిన్నీ. సీరియల్స్ ఆడవాళ్లని చెడగొడుతున్నాయంటావు. మరి రోజూ సాయంత్రం దీపం పెట్టిన దగ్గర్నుంచి నువ్వు ఆ టీవీ ముందు నుంచి కదలవేం?

పిన్ని: చూస్తాను కాబట్టే మాట్లాడుతున్నాను. చూడకుండా తిట్టేవాళ్లు వేరే ఉన్నారు. వాళ్లు పత్రికల్లో వ్యాసాలు రాసుకుంటుంటారు.

(దెబ్బ ఎవరికో తెలిసింది. నేను వక్కపొడి నములుతూ ఊరుకున్నాను.)

అబ్బాయి: సరే, మా తరఫు వాదన విను. తెలుగు సినిమాలో హీరోయిన్‌కి దక్కేదెంత? నాలుగు పాటలు, రెండు అలకలు. నలభై దాటిందా, హీరోకి తల్లి. మా దగ్గర అలా కాదు. హీరోయినూ ఆడమనిషే, విలనూ ఆడమనిషే, ఇల్లేలే పెద్ద దిక్కూ ఆడమనిషే. మగవాళ్లు సోఫా వెనకాల నిలబడి తలలూపుతుంటారు. 'ఇంటింటి గృహలక్ష్మి'లో తులసి ఎదిగిన పిల్లల తల్లి. మొగుడు నందు లాస్య అనే ఇంకో ఆవిడతో తిరుగుతుంటే విడాకులు తీసుకుని తన కాళ్ల మీద తను నిలబడింది. బెంగాలీలో 'శ్రీమొయీ'గా పుట్టిన కథ అది, హిందీలోనూ 'అనుపమా'గా వచ్చింది. మన దగ్గర 2020లో మొదలై నాలుగేళ్లు ఆడింది. నడివయసు ఆడదాని కథని పట్టుకుని అంతకాలం జనాన్ని కూర్చోబెట్టడం సినిమావాళ్ల వల్ల అవుతుందా?

పిన్ని: అవదు. తులసి మీద నాకూ గౌరవమే. కానీ ఒకటి గమనించావా? విడాకులైపోయాక కూడా ఆ అత్తమామల మంచీచెడ్డా తులసి నెత్తినే ఉంది. మొగుడు పోయాడు గానీ కోడలి ఉద్యోగం మాత్రం పోలేదు. సరే, దాన్నొదిలెయ్. మొగుడు దారి తప్పాడు కదా, ఆ తప్పు ఎవరి ఖాతాలో రాశారు?

అబ్బాయి: నందు తప్పు చేసినట్టు చూపించాం కదా!

పిన్ని: చూపించారు. కానీ జనం తిట్టుకున్నది ఎవర్ని? లాస్యని. 'కార్తీకదీపం'లో డాక్టర్‌బాబు పెళ్లాన్ని అనుమానించాడు. ఊళ్లో ఆడవాళ్లు దుమ్మెత్తిపోసింది ఎవర్ని? విలన్ మోనితని. మగవాడి తప్పు మోయడానికి ప్రతి సీరియల్లో ఒక ఆడదాన్ని కూలికి పెట్టుకుంటున్నార్రా మీరు.

అబ్బాయి: కథకి విలన్ కావాలి పిన్నీ.

పిన్ని: ఉండనీ. ఆ విలన్ జుట్టు విరబోసుకునే ఉండాలా? చేతుల్లేని జాకెట్టు వేసుకుని, నాలుగు ఇంగ్లీషు ముక్కలు మాట్లాడే ఉండాలా? హీరోయిన్ అర్ధరాత్రి నిద్రలో కూడా పట్టుచీరతో, తల్లో పూలతో పడుకునే ఉండాలా? నా దగ్గర చదువుకున్న పిల్లలు ఇప్పుడు బెంగళూరులో, డాలస్‌లో ఉద్యోగాలు చేస్తున్నారు. అందరూ జుట్టు విరబోసుకునేవాళ్లే. మీ లెక్కన వాళ్లంతా ఎవరి కాపురమో కూల్చడానికి బయల్దేరినవాళ్లేగా!

అబ్బాయి: ఒక నిజం చెప్పనా? రాసేటప్పుడు నాకు విలన్ అంటేనే ఇష్టం. తనకి ఏం కావాలో నోరు తెరిచి అడిగేది ఆవిడొక్కతే. 'నాకు ఆస్తి కావాలి, నాకు ఆ మనిషి కావాలి, నాకు పేరు కావాలి' అని మొహం మీద చెప్తుంది. హీరోయిన్‌కి మాత్రం ఏమీ అక్కర్లేదు, ఇంట్లో అందరూ బావుంటే చాలు. అలాంటి మనిషికి డైలాగు రాయడం ఎంత కష్టమో నీకేం తెలుసు!

పిన్ని: అదిగో, నా తరఫు వాదన నువ్వే చేస్తున్నావు.

అబ్బాయి: ఆగు, ఇంకా అవ్వలేదు. 'కార్తీకదీపం' ఎత్తావు కాబట్టి అడుగుతున్నాను. 2017 అక్టోబర్ నుంచి 2023 జనవరి దాకా పదిహేను వందల పైచిలుకు ఎపిసోడ్లు. హీరోయిన్ దీప నల్లపిల్ల. రంగు తక్కువని ఛీ కొట్టిన అత్త సౌందర్య, తర్వాత ఆ కోడలికే కొండంత అండగా నిలబడింది. దీప వంటలు చేసి బతుకుతూ, పిల్లని సాకుతూ తలెత్తుకుని తిరిగింది. వంటలక్క పేరు తెలియని తెలుగిల్లు ఉందా? ఫెయిర్‌నెస్ క్రీములు అమ్ముకునే దేశంలో ఇది చిన్న సంగతా? 'ఫెయిర్ అండ్ లవ్లీ' వాడు కూడా 2020లో పేరులోంచి ఫెయిర్ తీసేశాడు.

పిన్ని: పేరు మార్చాడు, ట్యూబు మార్చలేదు. మీరూ అంతే. నల్లపిల్ల పాత్రకి నల్లపిల్లని వెతకలేదు, తెల్లటమ్మాయికి రంగు పూశారు. ఆ అమ్మాయి బాగా చేసింది, కాదనను. అసలు నన్ను పీకే సంగతి అది కాదురా. దీప ఏ తప్పూ చేయలేదని నాకు తెలుసు, పక్కింటి సుబ్బమ్మగారికి తెలుసు, పాలవాడికి తెలుసు. తెలియనిది ఒక్క మొగుడికే. మరి అన్నేళ్లు మనం దేనికోసం కూర్చున్నాం? ఆయనకి నిజం తెలిసి దీప మీద మచ్చ పోయే రోజు కోసం. పిల్లలు ఆయన పిల్లలేనని తేలితే దీప గెలిచినట్టు. కథ అటే నడిచింది, మేమూ కళ్లు తుడుచుకుంటూ అటే నడిచాం. 'పెళ్లాన్ని ఇన్ని మాటలన్నవాడు అసలు ఆ పెళ్లానికి తగినవాడేనా' అనే ప్రశ్న చూసేవాళ్లకి తట్టనే తట్టదు. పరీక్ష ఎప్పుడూ దీపకే, ఫలితం చెప్పేది ఎప్పుడూ డాక్టర్‌బాబే.

అబ్బాయి కాసేపు మాట్లాడలేదు. గ్లాసులో మిగిలిన మజ్జిగ తాగి, గొంతు తగ్గించాడు. తర్వాత అతను చెప్పింది టీవీ విమర్శకులెవరూ నాకు చెప్పని సంగతి. అందుకే కొంచెం నిదానంగా రాస్తాను.

అబ్బాయి: ఇది లోపలి మాట పిన్నీ. వారానికి ఆరు ఎపిసోడ్లు వెయ్యాలి. అరగంటలో ప్రకటనలు పోగా చేతికొచ్చేది ఇరవై రెండు నిమిషాలు. ఛానెల్‌కి కావాల్సింది కథ కాదు, కథ అయిపోకుండా ఉండడం. దానికి ఒక్కటే సూత్రం: చూసేవాళ్లకి తెలిసిన నిజం కథలో ఉన్నవాళ్లకి తెలియకూడదు. హీరోయిన్ చేతిలో సాక్ష్యం ఉంటుంది. ఎదురుగా మొగుడుంటాడు. ఆవిడ నోరు తెరుస్తుంది. సరిగ్గా అప్పుడే ఫోను మోగుతుంది, లేదంటే మామగారికి గుండెనొప్పొస్తుంది. ఆ రెండూ అంతకుముందే వాడేసి ఉంటే, 'ఇప్పుడు నేను చెప్తే ఈ ఇల్లు ముక్కలైపోతుంది' అని మనసులో అనుకుని వెనక్కి తిరుగుతుంది. ఆ మనసులో మాట రాసేది నేనే. ఎన్నిసార్లు రాశానో! రాసిన ప్రతిసారీ నాకే చిరాకు. కానీ ఏం చెయ్యను? నిజం చెప్పేస్తే సీరియల్ అయిపోతుంది. లైట్‌బాయ్ దగ్గర్నుంచి డబ్బింగ్ చెప్పే అమ్మాయి దాకా అందరం మర్నాడు ఇంట్లో కూర్చోవాలి.

పిన్ని: అంటే ఆ అమ్మాయి నోరు మూసుకునేది మీ ఇరవై రెండు నిమిషాల కోసమా?

అబ్బాయి: నూటికి తొంభై పాళ్లు అందుకే.

పిన్ని: ఆ ముక్క తెర మీద చెప్పరేం? 'ఎపిసోడ్ సాగాలి కాబట్టి ఈవిడ మాట్లాడదు' అని కింద ఒక లైను వెయ్యొచ్చుగా! వెయ్యరు. వీణ వాయిస్తారు, దేవుడి గదిలో దీపం చూపిస్తారు. ముసలావిడ చేత 'ఈ పిల్ల ఓర్పే ఈ ఇంటికి రక్ష' అనిపిస్తారు. మీ పొట్టకూటి అవసరాన్ని ఆడదాని సుగుణం చేసి మా ఇళ్లలోకి పంపుతున్నారు. అబద్ధాలకోరు విలన్ వల్ల నాకు బాధ లేదురా, ఆవిడ్ని ఎవరూ ఆదర్శంగా తీసుకోరు. నోరు విప్పని మీ మంచి కోడలితోనే వచ్చింది చిక్కంతా. మా వీధిలో ఒక పిల్ల అత్తింట్లో దెబ్బలు తిని పుట్టింటికొస్తే, దానికి వాళ్లమ్మ చెప్పిన మాటలు అచ్చం నువ్వు రాసినట్టే ఉన్నాయి. నువ్వు దగ్గరికెళ్లి రాసిచ్చావేమో అనుకున్నాను.

అబ్బాయి: ఆ తల్లి మాటలు విని నేను రాశానేమో! సీరియల్స్ రాకముందు తల్లులు ఇంకేం చెప్పేవాళ్లు?

ఇది గట్టి జవాబే. ఏది ముందు, ఏది తర్వాత అన్నది ఈ విషయంలో ఎప్పటికీ తెగని పేచీ. పిన్ని మాత్రం తగ్గలేదు, పాత సంగతుల్లోకి దిగింది.

పిన్ని: దూరదర్శన్ రోజుల్లో 'ఉడాన్' వచ్చేది, 1989లో. కవితా చౌదరి తనే రాసి, తనే తీసి, తనే నటించింది. పోలీసాఫీసరైన సొంత అక్క కంచన్ చౌదరి బతుకే ఆ కథ. ఆ కంచన్ 2004లో ఉత్తరాఖండ్‌కి డీజీపీ అయింది. దేశంలో ఒక రాష్ట్రానికి డీజీపీ అయిన మొదటి ఆడమనిషి ఆవిడే. ఆ హీరోయిన్ కూడా కష్టాలు పడింది గానీ, కష్టపడి ఒక చోటికి చేరింది. అంతకుముందు 'రజని' వచ్చింది. ప్రియా టెండూల్కర్ గ్యాస్ సిలిండర్ వాడితోనూ, గుమస్తాతోనూ ఎక్కడికక్కడ తేల్చుకునేది. ఆ ఆడవాళ్లు గడప దాటి ఊరితో పోట్లాడారు. మీవాళ్లు వంటింటి నుంచి హాల్లోకి, హాల్లోంచి మెట్ల మీదకీ!

అబ్బాయి: అవి వారానికోసారి వచ్చేవి. పైగా సర్కారు టీవీ, పోటీ లేదు. అయినా డైలీ అంటే వంటిల్లేనని ఎవరన్నారు? మన తెలుగులో డైలీలకి దారి వేసినవాళ్లలో మంజులానాయుడు గారొకరు. దూరదర్శన్‌లో 'రుతురాగాలు', తర్వాత జెమినిలో 'చక్రవాకం', 'మొగలిరేకులు'. తీసింది ఆడమనిషి, చూసింది మగవాళ్లు కూడా. ఇక సర్కారు టీవీ మంచి ఉద్దేశంతో తీస్తే ఏమైందో కూడా విను. 1984లో 'హమ్ లోగ్' మొదలైంది. మెక్సికోలో మిగుయెల్ సబీదో అనే ఆయన సీరియల్ ద్వారా జనానికి మంచి చెప్పే పద్ధతి ఒకటి పెట్టాడు, దాన్ని చూసి మనవాళ్లు తీశారు. ప్రతి ఎపిసోడ్ చివర అశోక్ కుమార్ వచ్చి నాలుగు మాటలు చెప్పేవాడు. అందులో తల్లి భగవంతి అణిగిమణిగి పడుండే ఇల్లాలు. 'ఇలా ఉండకూడదమ్మా' అని చూపించడానికే ఆ పాత్ర పెట్టారు. తర్వాత పరిశోధకులు వెళ్లి అడిగితే చాలామంది ఏమన్నారో తెలుసా? భగవంతే మాకు ఆదర్శం అన్నారు. మేం ఏం రాసినా చూసేవాళ్లు తమకి కావాల్సిందే తీసుకుంటారు పిన్నీ. తప్పంతా మా కలం మీదకి తోసెయ్యకు.

పిన్ని: నువ్వు కూడా ఈ మధ్య చదువుతున్నావే!

అబ్బాయి: ఇంకొకటి కూడా చదివాను. జెన్సెన్, ఆస్టర్ అని ఇద్దరు అమెరికా ఆర్థికవేత్తలు 2001 నుంచి 2003 దాకా మన దేశంలో బీహార్, గోవా, హర్యానా, తమిళనాడు పల్లెల్లో ఏం జరిగిందో పరిశీలించారు. అప్పుడప్పుడే కేబుల్ వస్తున్న ఊళ్లు అవి. 2009లో అచ్చైంది. కేబుల్ వచ్చిన ఊళ్లలో మొగుడు కొట్టడం సబబే అనే ఆడవాళ్లు తగ్గారు. మగపిల్లాడే కావాలనే పట్టు తగ్గింది. ఇంటి విషయాల్లో ఆడవాళ్ల మాట కొంత చెల్లుబాటయింది. అప్పుడు ఆ కేబుల్లో వస్తున్నదేంటి? అత్తాకోడళ్ల సీరియల్సే! 2000లో మొదలైన 'క్యోంకీ సాస్ భీ కభీ బహూ థీ' ఊపు మీదుంది. బ్రెజిల్లో కూడా ఇంతే. గ్లోబో ఛానెల్ వచ్చిన ప్రాంతాల్లో కాన్పులు తగ్గాయి, ఎందుకంటే వాళ్ల సీరియల్స్‌లో హీరోయిన్లకి ఒకరో ఇద్దరో పిల్లలు, చాలామందికి అసలు లేరు. ఇప్పుడు చెప్పు, మేం చెడగొట్టామా, బాగుచేశామా?

నిజం చెప్పొద్దూ, ఇక్కడ పిన్ని ఓడిపోయిందనుకున్నాను. ఆవిడ కళ్లజోడు తీసి చీర చెంగుతో తుడుచుకుంది.

పిన్ని: నేను కాదనను. గడప దాటని పిల్లకి పట్నంలో ఇంకో రకం బతుకుందని తెలియడమే పెద్ద చదువు. అది టీవీ చేసింది, మంచిదే. కానీ ఆ పరిశోధన టీవీ కొత్తగా వచ్చిన ఊళ్లది. టీవీ వచ్చి పాతికేళ్లయిన మన ఊళ్ల సంగతి చూడు. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో ఆడవాళ్లనే అడిగారు. చెప్పకుండా బయటికెళ్తే, వంట సరిగ్గా చేయకపోతే, ఎదురు చెప్తే, ఇలా ఏడు కారణాలు చదివి, ఏదో ఒకదానికైనా మొగుడు కొట్టొచ్చా అని. తెలంగాణలోనూ ఆంధ్రాలోనూ నూటికి 84 మంది కొట్టొచ్చన్నారు. హిమాచల్ ప్రదేశ్‌లో 15 మంది. దేశం మొత్తం మీద మనవే పైన. మన రాష్ట్రాల్లో మగవాళ్లకంటే ఆడవాళ్లే ఎక్కువమంది అవునన్నారు. దేశంలో ఎక్కువమంది ఆడవాళ్లు ఒప్పుకున్న కారణమేంటో తెలుసా? అత్తమామల్ని గౌరవించకపోవడం.

అబ్బాయి: ఆ లెక్క సీరియల్స్ వల్లే అంటావా? హిమాచల్లో టీవీల్లేవా? వాళ్లకి సీరియల్స్ లేవా?

పిన్ని: మీ వల్లే అనను. మీరు పుట్టించలేదు. కానీ వందకి 84 మంది అలా అనుకునే చోట, రోజూ సాయంత్రం వాళ్లందరూ కూర్చుని చూసే ఒకే ఒక్క కథ మీ చేతిలో ఉంది. పాతికేళ్లు ఉంది. దాంతో ఆ లెక్కని కొంచెమైనా కదిలించే పని మీరు చేయలేదు. నేననేది అంతే.

అబ్బాయి: కదిలించమని మాకెవరూ చెప్పలేదు.

పిన్ని: చెంపదెబ్బలు కొట్టించమని ఎవరు చెప్పారు? మొన్న ఒకదాంట్లో చూశాను, పేరెందుకులే. పెద్ద హాలు, పాలరాతి మెట్లు, మెట్ల కింద ఇంటిల్లిపాదీ. దొంగతనం మోపారు కోడలి మీద. అత్త నాలుగడుగులు వేసుకుంటూ వచ్చి లాగిపెట్టి కొట్టింది. పిడుగుపడ్డట్టు శబ్దం. అదే దెబ్బ మళ్లీ ఎడం వైపు నుంచి, మళ్లీ పైనుంచి. ఆ పిల్ల జడ గిర్రున తిరిగింది. తర్వాత మొగుడి మొహం, మామ మొహం, మరిది మొహం. తోడికోడలి మొహం, ఆవిడ పెదవి కొసన నవ్వు. ఆఖరికి ట్రేలో కాఫీ గ్లాసులు పట్టుకున్న పనిమనిషి మొహం. ఇన్ని మొహాలు చూపించారు గానీ, ఒక్కళ్లూ ముందుకొచ్చి ఆ పిల్ల చెంప మీద చెయ్యి వెయ్యలేదు. రెండ్రోజుల తర్వాత అసలు దొంగ దొరికాడు. అత్త ఏడ్చింది. 'నీ తప్పు లేకుండానే చెయ్యి చేసుకున్నానమ్మా' అంది. కోడలు ఆవిడ కాళ్లకి దణ్ణం పెట్టింది. అంటే తప్పుంటే కొట్టొచ్చనేగా? ఆ సర్వేలో వాళ్లు చదివిన ఏడు కారణాలూ అవే కదరా, ఏ తప్పుకి కొట్టొచ్చు అని!

అబ్బాయి: ఆ సీన్ ఎలా పుడుతుందో చెప్తే నవ్వుతావు. సీన్ పేపర్ మీద నేను రాసేది 'లాగిపెట్టి కొడుతుంది, అందరూ షాక్' అని ఒక్క లైను. తెర మీద అది రెండు నిమిషాలు. డైలాగు అక్కర్లేదు, కొత్త లొకేషన్ అక్కర్లేదు, ఉన్న ఆర్టిస్టుల మొహాల మీద కెమెరా తిప్పితే చాలు. షూటింగ్ వెనకబడిన రోజున డైరెక్టర్‌కి అది వరం. ప్రోమోకి కూడా అదే ముక్క పనికొస్తుంది.

పిన్ని: ఎవరు ఎవర్ని కొట్టొచ్చో కూడా రాసిపెట్టుకున్నారా?

అబ్బాయి: రాసిపెట్టుకోం గానీ అందరికీ తెలుసు. అత్త కోడల్ని కొట్టొచ్చు. తల్లి కూతుర్ని కొట్టొచ్చు. మొగుడు పెళ్లాన్ని కొట్టొచ్చు, కానీ తర్వాత కుమిలిపోవాలి. హీరోయిన్ విలన్‌ని కొట్టొచ్చు, ఆ రోజు రేటింగ్ కూడా బావుంటుంది. హీరోయిన్ మొగుణ్ని కొట్టకూడదు. ఒకసారి రాశాను. తాగొచ్చి నానా మాటలూ అంటుంటే చెయ్యెత్తింది. ఛానెల్ నుంచి ఫోన్. చివరికి ఎత్తిన చెయ్యి గాల్లో ఆగిపోయినట్టు తీసి, ఆ చేత్తోనే తాళిబొట్టు కళ్లకి అద్దుకునేట్టు మార్చారు.

పిన్ని: (నవ్వు ఆపుకోలేక) నాకు గుర్తుందిరా ఆ సీను! నువ్వు రాసిందా అది?

ముగ్గురం నవ్వుకున్నాం. కామెడీ షోల గురించి కూడా కాసేపు మాట్లాడుకున్నారు. మగవాళ్లు చీర కట్టుకుని పెళ్లాల వేషం వేసి, ఆ పెళ్లాల ఒళ్లు మీదా నోటి మీదా జోకులేసుకోవడం గురించి ఇద్దరికీ ఒకటే అభిప్రాయం. వాదన లేనిచోట రాయడానికేం ఉంటుంది, దాన్ని వదిలేస్తున్నాను.

అబ్బాయి: నేను చెప్పాల్సింది ఇంకొకటుంది. అసలు ఆడవాళ్లు ఎందుకు చూస్తారు ఈ సీరియల్స్? మూర్ఖులై కాదు. పొద్దుట్నుంచీ ఇంటెడు చాకిరీ చేసిన మనిషికి ఆ ఇంట్లో 'తప్పు నీది కాదు' అనేవాళ్లు ఎవరూ ఉండరు. సీరియల్లో ఆ కోడలి తప్పు లేదని చూసే ప్రతి మనిషికీ తెలుసు. రాష్ట్రం మొత్తం ఆవిడకి సాక్ష్యం. తనకి లేని ఆ సాక్షుల కోసం చూస్తారు పిన్నీ. నేను రాసేది చెత్తే కావచ్చు, కానీ అది వాళ్లకి ఇచ్చే ఊరట చెత్త కాదు.

పిన్ని: ఇదొక్కటి బాగా చెప్పావు. నేనూ అందుకే చూస్తానేమో. మీ బాబాయి ఉన్నంతకాలం వంటలో ఉప్పెక్కువైతే నాది, కరెంటు పోయినా నాదే. ఆ ఊరట కావాలి, వద్దనను. కానీ సాక్షులు అన్నావు చూడు, సాక్షులు ఎన్నాళ్లు కూర్చుంటార్రా? పదిహేను వందల ఎపిసోడ్లా? పదో ఎపిసోడ్లో ఆ పిల్ల తనే లేచి నిజం చెప్పనీ. చెప్పాక ఏమవుతుందో అది తియ్యండి. మొగుడు నమ్మకపోతే? నమ్మినా ఈవిడకి ఇక అతను వద్దనిపిస్తే? అద్దెకి ఇల్లెవడిస్తాడు, పిల్లల ఫీజులు ఎవరు కడతారు, కోర్టులో వాయిదాలెన్ని, పుట్టింట్లో అన్నయ్య ఏమంటాడు, ఆఫీసులో పక్క కుర్చీవాడు ఏమంటాడు? నిజం చెప్పేస్తే సీరియల్ అయిపోతుందంటున్నావే, ఆడదానికి అసలు కథ నిజం చెప్పిన మర్నాడు మొదలవుతుంది. దానికి మూడువేల ఎపిసోడ్లు కూడా చాలవు.

అబ్బాయి జవాబు చెప్పలేదు. జేబులోంచి ఫోన్ తీసి ఏదో రాసుకున్నాడు. కాసేపాగి మళ్లీ తనే అందుకున్నాడు.

అబ్బాయి: ఛానెల్ వాళ్లకి చెప్పి చూస్తాను. ఒప్పుకోరు. గురువారం గురువారం రేటింగులొస్తాయి. రెండు గురువారాలు పడిపోయిందంటే ట్రాక్ మార్చమంటారు.

పిన్ని: అయితే నేను చూడ్డం మానేస్తాను. నాలాంటివాళ్లందరం మానేస్తాం. అప్పుడు తెలుస్తుంది.

అబ్బాయి: తెలీదు పిన్నీ. రేటింగ్ మీటర్లున్న ఇళ్లు దేశం మొత్తం మీద అరవై వేల లోపే. టీవీలున్న ఇళ్లు ఇరవై కోట్లు దాటాయి. మీ ఇంట్లో మీటర్ లేదు. నువ్వు కన్నీళ్లు పెట్టుకుని చూసినా, కట్టేసి పడుకున్నా వాళ్ల లెక్కలోకి రావు.

పిన్ని: మరి లెక్కలోకి రావాలంటే?

అబ్బాయి: రాయాలి. కేబుల్ టీవీ నిబంధనల్లో ప్రోగ్రామ్ కోడ్ అని ఒకటుంది, ఆడవాళ్లని కించపరిచేవి వెయ్యకూడదని అందులో ఉంది. 2021లో ఆ నిబంధనలకి ఇంకొన్ని కలిపారు. ఎవరు ఫిర్యాదు పంపినా ఛానెల్ 15 రోజుల్లో తేల్చి జవాబివ్వాలి. జవాబు నచ్చకపోతే ఛానెళ్లే పెట్టుకున్న సంఘానికి, అక్కడా కాకపోతే కేంద్ర ప్రభుత్వానికి వెళ్లొచ్చు. అయితే ఒకటి, హీరోయిన్ నోరు విప్పడం లేదని ఫిర్యాదు చేస్తే తీసుకోరు.

పిన్ని: చెంపదెబ్బ గురించి చేస్తే?

అబ్బాయి: అది తీసుకోవాలి.

పిన్ని ఆ రాత్రే రాసింది, తెలుగులో, రెండు పేజీలు. 'హమ్ లోగ్' రోజుల్లో దూరదర్శన్‌కి జనం లక్షల ఉత్తరాలు రాశారట. ఇప్పుడు మనం పక్కింటావిడతో తిట్టుకుని ఊరుకుంటున్నాం. ఫిర్యాదులు చూసే అధికారి పేరు, చిరునామా, ఈమెయిల్ ప్రతి ఛానెల్ తన వెబ్‌సైట్‌లో పెట్టి తీరాలి. ఈసారి ఇంటిల్లిపాదీ మెట్ల కింద నిలబడి చూస్తుండగా ఒక పిల్ల చెంప పగిలినప్పుడు, సీరియల్ పేరు, తేదీ, టైము ఒక కాగితం మీద రాసి పెట్టుకోండి. మర్నాడు ఆ ఫిర్యాదు పంపండి.